జనన ధ్రువపత్రం నకలు – ఎక్కడ అడగాలి? ఎలా అడగాలి?



ఈ నెల ఆరోగ్య పాఠంలో జ్వరం గురించో, షుగరు గురించో కాక ఒక కాగితం గురించి వ్రాస్తున్నాము. ఆసుపత్రి పత్రికలో కాగితాల సంగతి ఎందుకని మీరు అడగవచ్చు. మన రికార్డుల గది కిటికీ దగ్గర తరచుగా వినబడే మాట ఒకటి ఉంది. "అమ్మా, మా పాప ఇక్కడే పుట్టింది. బర్త్ సర్టిఫికెట్ మళ్ళీ ఒకటి ఇవ్వండి" అని. అలా అడిగేవారిలో స్కూలు అడ్మిషన్ గడువు దగ్గరపడినవారు ఉంటారు, పాస్‌పోర్టు కోసం తిరుగుతున్నవారు ఉంటారు, మనవరాలి కోసం వచ్చిన అమ్మమ్మలు ఉంటారు. ఆ పత్రం ఇచ్చే అధికారం ఆసుపత్రికి లేదని చెప్పినప్పుడు వారి ముఖాలు చిన్నబోతాయి. అందుకే ఈ విషయాన్ని మొదటి నుంచి చివరి వరకు ఒకచోట వివరిస్తున్నాము.

వయసు తెలియడం ఆరోగ్యానికి కూడా అవసరమే. బిడ్డ బరువు చాలినంత ఉందా లేదా అని చెప్పాలంటే వయసు నెలలతో సహా తెలియాలి. పుట్టినప్పుడు వేసే బి.సి.జి., ఆ తరువాత ఆరు, పది, పద్నాలుగు వారాల టీకాలు, తొమ్మిది నెలలు నిండాక వేసే తట్టు టీకా, ఇవన్నీ పుట్టిన తేదీని బట్టి లెక్కించేవే. ఆడపిల్లకు 18 ఏళ్ళు నిండకుండా పెళ్ళి చేయకూడదని 2006 నాటి బాల్యవివాహ నిషేధ చట్టం చెబుతోంది. చిన్న వయసు కాన్పుల వల్ల తల్లికీ బిడ్డకూ కలిగే ప్రమాదాలు మనకు తెలిసినవే. "పిల్లకు పద్దెనిమిది దాటాయి" అని పెద్దలు నోటితో అన్నప్పుడు, ఇంకా దాటలేదని చూపగలిగే కాగితం ఆ పిల్లకు పెద్ద అండ.

నకలు అంటే ఏమిటి?

బిడ్డ పుట్టిన సంగతిని ప్రభుత్వ రిజిస్టరులో ఒక వరుసలో వ్రాస్తారు. బిడ్డ ఆడా మగా, పుట్టిన తేదీ, పుట్టిన స్థలం, తల్లి పేరు, తండ్రి పేరు, చిరునామా, నమోదు సంఖ్య, నమోదు చేసిన తేదీ అందులో ఉంటాయి. మన చేతికి ఇచ్చే ధ్రువపత్రం ఆ వరుసకు అధికారి ధ్రువీకరించి ఇచ్చిన నకలు. కాబట్టి ఇంట్లో ఉన్న కాగితం చిరిగినా, వానకు తడిసినా, పోయినా భయపడనవసరం లేదు. రిజిస్టరులో ఆ వరుస ఉన్నంతకాలం ఎన్నిసార్లయినా నకలు తీసుకోవచ్చు. 1969 నాటి జనన మరణ నమోదు చట్టం, 17వ సెక్షను ప్రకారం ఎవరైనా రిజిస్టరులో వెతికించమని అర్జీ పెట్టి, నిర్ణయించిన రుసుము చెల్లించి నకలు కోరవచ్చు. అలా ఇచ్చిన నకలు కోర్టులో కూడా సాక్ష్యంగా చెల్లుతుంది. ఇంట్లో ఉన్న పాత పత్రాన్ని జిరాక్సు తీయిస్తే దానికి ఆ విలువ రాదు.

మొదటి ప్రశ్న: బిడ్డ ఎక్కడ పుట్టింది?

ఈ పాఠంలో ఒక్క మాటే గుర్తు పెట్టుకోగలిగితే ఇది గుర్తు పెట్టుకోండి. జననం నమోదయ్యేది బిడ్డ పుట్టిన చోటనే. తల్లిదండ్రులు కాపురముండే ఊళ్ళో కాదు, రేషను కార్డు ఉన్న ఊళ్ళో కాదు, ఇంటిపేరు గల ఊళ్ళో అంతకంటే కాదు.

మనవాళ్ళు దారి తప్పేది ఇక్కడే. మొదటి కాన్పుకు ఆడపిల్లను పుట్టింటికి తీసుకువెళ్ళడం మన ఆచారం. బిడ్డకు మూడో నెలో అయిదో నెలో వచ్చాక అత్తవారింటికి పంపుతారు. పదేళ్ళు గడిచాక తండ్రి తన ఊరి పంచాయతీలో పత్రం అడుగుతాడు. అక్కడ లేదంటారు. లేకపోవడం సహజమే, ఎందుకంటే బిడ్డ పుట్టింది అమ్మమ్మగారి ఊరి దగ్గరి ఆసుపత్రిలో.

కొన్ని ఉదాహరణలు చూడండి.

నాగాయలంకలో కాపురమున్న తల్లి మచిలీపట్నం ఆసుపత్రిలో కాన్పు అయితే, ఆ జననం మచిలీపట్నం రిజిస్టరులో ఉంటుంది. ఒకప్పుడు మునిసిపాలిటీ, ఇప్పుడు నగరపాలక సంస్థ అయిన కార్యాలయంలో అడగాలి. నాగాయలంక పంచాయతీలో వెతికితే దొరకదు.

కైకలూరు, ముదినేపల్లి వైపు నుంచి గుడివాడ వచ్చి కాన్పు అయినవారికి గుడివాడ మునిసిపాలిటీయే ఆధారం. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విభజించినప్పుడు కైకలూరు, మండవల్లి, కలిదిండి, ముదినేపల్లి మండలాలు ఏలూరు జిల్లాలోకి వెళ్ళాయి. మీ ఊరు ఏ జిల్లాలోకి వెళ్ళినా, గుడివాడలో పుట్టిన బిడ్డ నమోదు గుడివాడలోనే ఉంటుంది.

ఇంటి దగ్గర మంత్రసాని చేతిమీద పుట్టిన బిడ్డ సంగతిని ఇంటి పెద్ద తెలియజేయాలి. అది ఆ ఊరి పంచాయతీ రిజిస్టరులో ఉంటుంది.

దారిలో 108 వాహనంలో కాన్పు జరిగితే, వాహనం మొదట ఆగిన చోట నమోదు చేయించాలని నిబంధన. అవనిగడ్డ నుంచి బందరు తీసుకువస్తుండగా మధ్యలో పుట్టిన బిడ్డ విషయంలో ఇది ఉపయోగపడుతుంది.

గల్ఫ్ దేశాలలో పుట్టిన బిడ్డల జననాన్ని అక్కడి భారత రాయబార కార్యాలయంలో నమోదు చేయించుకోవాలి. అలా చేయించకుండా తల్లిదండ్రులు స్థిరపడడానికి స్వదేశానికి వచ్చేస్తే, వచ్చిన 60 రోజులలోగా ఇక్కడ నమోదు చేయించుకునే వీలు చట్టంలోని 20వ సెక్షనులో ఉంది.

ఆసుపత్రిలో కాన్పు అయితే సమాచారం పంపే బాధ్యత ఆసుపత్రిదే. పుట్టిన 21 రోజులలోగా రిజిస్ట్రారుకు తెలియజేయాలి. కొన్ని ప్రభుత్వ ఆసుపత్రులలో అక్కడి అధికారే రిజిస్ట్రారుగా ఉంటారు. అక్కడ కాన్పు అయినవారు ముందుగా ఆసుపత్రిలోనే విచారించండి. డిశ్చార్జి సమయంలో మేము ఇచ్చే కాగితం మీ బిడ్డ ఇక్కడ పుట్టిందని చెబుతుంది గాని, అది జనన ధ్రువపత్రం కాదు. ఆ రెంటినీ ఒకటిగా అనుకొని ఏళ్ళ తరబడి పెట్టెలో దాచుకున్న కుటుంబాలు ఉన్నాయి.

పెద్దవారి పత్రాలు

యాభై, అరవై ఏళ్ళవారు నకలు కావాలనుకుంటే ఆనాటి పరిపాలన ఎలా ఉండేదో కొంచెం తెలియాలి. మన ప్రాంతం మద్రాసు రాష్ట్రంలో ఉన్న రోజులలో 1899 నాటి మద్రాసు చట్టం ప్రకారం జనన మరణాలు వ్రాసేవారు. పల్లెల్లో ఆ లెక్కలు గ్రామాధికారుల చేతిలో ఉండేవి. 1984లో కరణం, మునసబు పదవులు రద్దయ్యాయి. 1985లో తాలూకాల స్థానంలో మండలాలు వచ్చాయి. అంతకుముందు మనవి బందరు, దివి, గుడివాడ, కైకలూరు తాలూకాలు. అందుచేత మీ నాన్నగారి పాత కాగితం మీద "దివి తాలూకా" అని ఉంటే తప్పు అనుకోవద్దు. పల్లెలో పుట్టినవారి పాత రిజిస్టరు పంచాయతీలో కనబడకపోతే, మండల తహసీల్దారు కార్యాలయంలో ఉందేమో కూడా విచారించండి.

1977 నవంబరు 19న దివిసీమను ముంచిన ఉప్పెనలో ప్రభుత్వ లెక్కల ప్రకారమే సుమారు పదివేల మంది చనిపోయారు. మిగిలినవారికి ఇళ్ళతో పాటు ట్రంకు పెట్టెలూ, అందులోని కాగితాలూ పోయాయి. ఆ రోజుల్లో పుట్టినవారు "మా కాగితాలు ఉప్పెనలో పోయాయి" అని ఊరుకుంటారు. పోయింది ఇంట్లోని నకలు. పట్నంలో పుట్టినవారి నమోదు పట్నం రిజిస్టరులో ఉండవచ్చు. అడగకుండా లేదని తేల్చుకోవద్దు.

అయితే పెద్దవారందరికీ జనన ధ్రువపత్రం తప్పనిసరి కాదని కూడా తెలుసుకోండి. చాలా పనులకు పదవ తరగతి సర్టిఫికెట్టులోని తేదీ సరిపోతుంది. పాస్‌పోర్టుకు 1989 జనవరి 26న గాని ఆ తరువాత గాని పుట్టినవారు జనన ధ్రువపత్రమే ఇవ్వాలన్న పాత నిబంధనను 2016 డిసెంబరులో సడలించారు. ఏ పనికి ఏ కాగితం చాలునో ముందు అడిగి, ఆ తరువాతనే తిరగడం మొదలుపెట్టండి.

అర్జీ పెట్టేటప్పుడు

2019లో గ్రామ, వార్డు సచివాలయాలుగా మొదలైన కార్యాలయాలలో గాని, మీసేవ కేంద్రంలో గాని, నేరుగా మునిసిపల్ కార్యాలయంలో గాని అర్జీ పెట్టవచ్చు. ఎక్కడ పెట్టినా ఈ క్రింది వివరాలు ఒక కాగితం మీద వ్రాసి తీసుకువెళ్ళండి.

1. పుట్టిన తేదీ. ఖచ్చితంగా తెలియకపోతే నెల, సంవత్సరం. "ఈస్టరుకు ముందు వారం", "కోతల రోజుల్లో" అన్న గుర్తులు ఉంటే వాటిని ఇంట్లోనే తేదీలుగా మార్చుకొని వెళ్ళండి.
2. పుట్టిన చోటు. ఆసుపత్రి పేరు, వీధి, ఊరు. ఆసుపత్రి ఇప్పుడు మూతబడినా ఫరవాలేదు, పేరు చెప్పండి.
3. తల్లి పేరు, తండ్రి పేరు, కాన్పు నాటికి ఆసుపత్రిలో చెప్పిన విధంగా.
4. నమోదు సంఖ్య, నమోదు తేదీ. పాత జిరాక్సు ఉంటే వాటిని అందులో నుంచి చూసి వ్రాసుకోండి. ఇవి ఉంటే వెతకడం నిమిషాల పని.
5. అర్జీ పెట్టేవారి గుర్తింపు కార్డు.

రుసుము కట్టి రసీదు తీసుకోండి. రసీదు మీద అర్జీ సంఖ్య ఉందో లేదో అక్కడే చూసుకోండి. దళారులకు డబ్బు ఇవ్వవద్దు. డబ్బు కడితే గంటలో పత్రం పంపుతామనే నకిలీ వెబ్‌సైట్లు కూడా ఉన్నాయి. వాటి పత్రం రిజిస్టరులో లేని పత్రం, కనుక అది చెల్లదు.

పత్రం చేతికి వచ్చినప్పుడు కౌంటరు దగ్గరే ప్రతి అక్షరమూ చదవండి. చదవడం రానివారు చదువుకున్న బిడ్డను వెంట తీసుకువెళ్ళండి.

పేరు లేని పత్రం, రెండు పేర్లున్న తల్లి

చాలామంది పత్రాలలో బిడ్డ పేరు ఉండవలసిన చోట ఖాళీగా ఉంటుంది. ఆసుపత్రిలో కాన్పయిన రోజుకు పేరు పెట్టరు కదా. మన సంఘాలలో బాప్తిస్మం నాడు పేరు పెట్టి, ఆ పేరు సంఘ రిజిస్టరులో వ్రాయిస్తారు. మునిసిపల్ రిజిస్టరు మాత్రం అలాగే ఖాళీగా ఉండిపోతుంది. నమోదైన తేదీ నుంచి 12 నెలలలోపు పేరు చేర్పించుకుంటే రుసుము లేదు. ఆ తరువాత 15 ఏళ్ళ వరకు ఆలస్య రుసుముతో చేర్పించుకోవచ్చు. కాబట్టి బాప్తిస్మం అయిన వారంలోనే ఈ పని కూడా పూర్తి చేయండి. ఒకసారి చేర్చిన పేరును ఇష్టం మారిందని మార్చడం సులభం కాదు. ఇంటిపేరు ముందు వ్రాయాలా, తాతగారి పేరు కలపాలా అన్నది ఇంట్లో తేల్చుకొని వెళ్ళండి.

మరొక చిక్కు తల్లి పేరుతో వస్తుంది. ఆధార్‌లో వెంకటేశ్వరమ్మ, సంఘంలో మార్తమ్మ. కాన్పుకు వచ్చినప్పుడు కంగారులో ఎవరో ఒక పేరు చెబుతారు. అదే రిజిస్టరుకు ఎక్కుతుంది. పదిహేనేళ్ళ తరువాత బిడ్డకు "తల్లి పేరు కలవడం లేదు" అన్న అభ్యంతరం వస్తుంది. కాన్పుకు వచ్చేటప్పుడు ఆధార్ కార్డు వెంట తెమ్మని మేము గర్భిణులకు చెప్పేది ఇందుకే. అందులో ఉన్న పేరునే అక్షరం తేడా లేకుండా చెప్పండి.

తప్పు పడితే 15వ సెక్షను ప్రకారం రిజిస్ట్రారుకు ఆధారాలు చూపి సవరణ కోరవచ్చు. సవరించేటప్పుడు మొదట వ్రాసినదాన్ని చెరిపివేయరు. పక్కన అంచులో సరైన వివరం వ్రాసి, తేదీ వేసి సంతకం చేస్తారు.

తండ్రి పేరు చెప్పలేని పరిస్థితిలో ఉన్న తల్లులు కూడా మన దగ్గరకు వస్తారు. పెళ్ళి కాని తల్లి తన బిడ్డకు ధ్రువపత్రం కోరితే ఆమె అఫిడవిట్ తీసుకొని ఇవ్వాలని 2015లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ఆ తల్లి సిగ్గుపడి బిడ్డను నమోదు లేకుండా వదలనవసరం లేదు. ఆమెను ప్రశ్నలతో బాధపెట్టే పని మనలో ఎవరికీ లేదు.

రిజిస్టరులో లేదన్నప్పుడు

"లేదు" అన్న మాట విని వెంటనే కొత్త నమోదుకు వెళ్ళవద్దు. ముందు మూడు విషయాలు సరిచూసుకోండి. సరైన ఊళ్ళో అడిగామా? తల్లికి ఉన్న రెండో పేరుతో వెతికించామా? తేదీకి అటూ ఇటూ కొన్ని నెలలు చూడమన్నామా? బడిలో చేర్పించేటప్పుడు చెప్పిన తేదీకీ, అసలు పుట్టిన తేదీకీ తేడా ఉండడం మన పల్లెల్లో మామూలే. ఒకే బిడ్డకు బందరులో ఒక నమోదు, సొంత ఊళ్ళో ఇంకొక నమోదు ఉంటే, రెండు తేదీలతో రెండు పత్రాలు బయలుదేరుతాయి. ఆ చిక్కు విప్పడం పత్రం లేకపోవడం కంటే కష్టం. తెలిసి అబద్ధపు వివరాలు ఇవ్వడం చట్టరీత్యా నేరం కూడా.

నిజంగానే లేదని తేలితే, నమోదు లేదని అదే కార్యాలయం నుంచి వ్రాతపూర్వకంగా తీసుకోండి. ఆ తరువాత ఆలస్యపు నమోదుకు వెళ్ళాలి. పుట్టి 21 రోజులు దాటి 30 రోజులలోపు అయితే ఆలస్య రుసుము కడితే చాలు. 30 రోజులు దాటి ఏడాదిలోపు అయితే పై అధికారి వ్రాతపూర్వక అనుమతి కావాలి. ఏడాది దాటితే జిల్లా మేజిస్ట్రేటు గాని, సబ్ డివిజనల్ మేజిస్ట్రేటు గాని, జిల్లా మేజిస్ట్రేటు అధికారమిచ్చిన ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు గాని విచారించి ఉత్తర్వు ఇవ్వాలి. పూర్వం దీనికి మొదటి తరగతి మేజిస్ట్రేటు కోర్టు ఉత్తర్వు కావలసి ఉండేది. 2023 సవరణతో ఈ మార్పు వచ్చింది. సబ్ డివిజనల్ మేజిస్ట్రేటు అంటే మనకు తెలిసిన ఆర్డీవో గారు లేదా సబ్ కలెక్టరు గారు.

ఆ విచారణకు ఉపయోగపడే ఆధారాలు: ఆసుపత్రి డిశ్చార్జి కాగితం, టీకాల కార్డు, బడి రికార్డు, తల్లిదండ్రుల గుర్తింపు కార్డులు. సంఘంలోని బాప్తిస్మపు రిజిస్టరు నకలు కూడా తోడుగా చూపవచ్చు. అది జనన ధ్రువపత్రానికి బదులు కాదు, కాని బిడ్డ ఫలానా తేదీకి ముందే పుట్టిందని అది చెబుతుంది. కుటుంబ బైబిలు మొదటి పేజీలో పెద్దలు వ్రాసిపెట్టిన తేదీలు సరైన సంవత్సరం వెతకడానికి దారి చూపుతాయి.

2023 అక్టోబరు 1 తరువాత పుట్టిన బిడ్డలు

ఈ విషయం చిన్నపిల్లల తల్లిదండ్రులు శ్రద్ధగా చదవాలి. సవరించిన చట్టం 2023 అక్టోబరు 1న అమలులోకి వచ్చింది. ఆ రోజున గాని తరువాత గాని పుట్టినవారికి పుట్టిన తేదీ, స్థలం రుజువు చేయడానికి జనన ధ్రువపత్రమే ఆధారం. బడిలో చేరడానికి, డ్రైవింగు లైసెన్సుకు, ఓటరు జాబితాకు, పెళ్ళి నమోదుకు, ప్రభుత్వ ఉద్యోగానికి, పాస్‌పోర్టుకు, ఆధార్‌కు అదే చూపాలి. పెద్దవారికి ఉన్నట్లు పదవ తరగతి సర్టిఫికెట్టుతో సరిపెట్టుకునే వీలు వీరికి ఉండదు. నమోదు పూర్తయిన 7 రోజులలోగా పత్రాన్ని ఉచితంగా ఇవ్వాలని కూడా ఆ సవరణలో ఉంది. అందుచేత డిశ్చార్జి అయి వెళ్ళిన నెలలోపే పత్రం తీసుకోండి.

మీ ప్రశ్నలు – మా జవాబులు

*మా పాప మీ ఆసుపత్రిలోనే పుట్టింది. మీరు ఏమి ఇవ్వగలరు?*
కాన్పు రిజిస్టరు చూసి, ఫలానా తేదీన ఫలానా తల్లికి ఇక్కడ బిడ్డ పుట్టిందని ఉత్తరం ఇవ్వగలము. దానితో మునిసిపల్ రిజిస్టరులో వెతకడం సులభమవుతుంది. తల్లి పేరు, కాన్పయిన సంవత్సరం చెప్పండి.

*పత్రాన్ని లామినేషన్ చేయించవచ్చా?*
వద్దు. ముద్ర, సంతకం సరిచూడడం కష్టమవుతుంది. ప్లాస్టిక్ కవరులో పెట్టండి. ఫోనులో ఒక ఫోటో కూడా ఉంచుకోండి. తుఫాను హెచ్చరిక వచ్చినప్పుడు మొదట చేతపట్టుకోవలసిన సంచిలో ఆ కవరు ఉండాలి.

*బడిలో తేదీ వేరు, పత్రంలో తేదీ వేరు. ఏమి చేయాలి?*
పదవ తరగతి పరీక్షకు ముందే బడి ప్రధానోపాధ్యాయుని కలిసి పత్రం చూపించి సరిచేయించండి. పదవ తరగతి సర్టిఫికెట్టు వచ్చాక మార్చడం చాలా కష్టం.

ఈ వారం చేయవలసిన పని

ఈ ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక ఇంట్లోని పిల్లల పత్రాలు బయటకు తీయండి. ఒక్కొక్క బిడ్డకు మూడు సంగతులు చూడండి. పత్రం ఉందా? అందులో బిడ్డ పేరు ఉందా? తల్లిదండ్రుల పేర్లు ఆధార్‌తో కలుస్తున్నాయా? ఏది లేకపోయినా, బిడ్డ పుట్టిన ఊరు, తేదీ, తల్లి పేరు ఒక కాగితం మీద వ్రాసిపెట్టుకోండి. అమ్మమ్మలు, నాయనమ్మలు మన మధ్య ఉండగానే వారిని అడిగి వ్రాయండి. ఏ ఊళ్ళో, ఏ ఆసుపత్రిలో, ఎవరి చేతిమీద పుట్టారో చెప్పగలిగేది వారే. స్త్రీల కూడికలో ఈ పాఠం చదివి, చదువు రాని తల్లులకు అర్జీ వ్రాసిపెట్టడానికి ఇద్దరు ముందుకు వస్తే అది ఎంతో మేలు.

పత్రం దొరకక చిక్కుపడినవారు, కాన్పు మన దగ్గర జరిగి ఉంటే, పని దినాలలో రికార్డుల గదికి రండి. మేము చేయగలిగినంత సహాయం చేస్తాము.